మీరడిగారు, మేం చెప్తున్నాం: పది సెంట్ల పన్ను, పోయిన సముద్రం

పోయిన నెల ఒక జవాబులో బొలీవియాకి ఒకప్పుడు సముద్రతీరం ఉండేదని ఒక్క లైను రాశాం, దానికి ఇన్ని ఉత్తరాలు వస్తాయనుకోలేదు. అందుకే ఈసారి కాలమ్ మొత్తం ఆ విషయానికే ఇచ్చేస్తున్నాం. 1879లో చిలీ ఒకవైపు, పెరూ బొలీవియా ఇంకోవైపు నిలబడి చేసిన యుద్ధం అది, పసిఫిక్ యుద్ధం అంటారు. ఒకేలాంటి ప్రశ్నలు కలిపేశాం, పొడవైనవి కుదించాం, ఏమీ అనుకోకండి.

ప్రశ్న: సార్, పది సెంట్ల పన్ను వేసినందుకు యుద్ధం వచ్చిందని చదివాను. ఇంత చిన్నదానికి మూడు దేశాలు కొట్టుకుంటాయా? (డిగ్రీ చదువుతున్న పాఠకుడు)

పన్ను సంగతి నిజమే బాబూ. అప్పట్లో అంటోఫగాస్టా రేవు బొలీవియాది, అక్కడ నైట్రేట్ తవ్వి ఎగుమతి చేసే పెద్ద కంపెనీలో పెట్టుబడి మాత్రం చిలీ వాళ్ళది, కొంత బ్రిటిష్ వాళ్ళది. 1878 ఫిబ్రవరిలో బొలీవియా పార్లమెంటు ఆ కంపెనీ ఎగుమతి చేసే ప్రతి క్వింటాల్ మీద పది సెంట్లు కట్టాలని చట్టం చేసింది, అక్కడి క్వింటాల్ అంటే మన లెక్కలో 46 కిలోలే. కంపెనీ కట్టనంది.

అయితే గొడవ ఆ పది సెంట్లది కాదు, ఇచ్చిన మాటది. 1874లో రెండు దేశాలు ఒక ఒప్పందం రాసుకున్నాయి, 24వ దక్షిణ అక్షాంశమే సరిహద్దు, దానికి పైన ఉన్నది బొలీవియాది, అంతకుముందు 1866 ఒప్పందం ప్రకారం పన్నుల్లో తనకి రావలసిన వాటాని చిలీ వదిలేసుకుంటుంది, దానికి బదులు 25 ఏళ్ళ దాకా చిలీ వాళ్ళ కంపెనీల మీద బొలీవియా పన్ను పెంచకూడదు. నాలుగేళ్ళు తిరిగేసరికి ఈ చట్టం వచ్చింది. బొలీవియా వాదన కూడా వినాలి, ఆ కంపెనీకి 1873లో ప్రభుత్వం ఇచ్చిన లైసెన్సుకి పార్లమెంటు ఆమోదం ఇంకా మిగిలే ఉంది, ఆ ఆమోదానికి మేం పెట్టుకున్న షరతే ఈ పన్ను, ఇది మాకూ ఒక ప్రైవేటు కంపెనీకీ మధ్య సంగతి, చిలీకి ఏం సంబంధం అని వాళ్ళు అన్నారు. 1877లో పెద్ద భూకంపం, వెంటనే సునామీ వచ్చి ఆ తీరాన్ని ఊడ్చేసాయి, ఆ తర్వాత కరువు, ఖజానా ఖాళీ. అధ్యక్షుడు హిలారియోన్ దాసాకి ఎక్కడో ఒకచోట డబ్బు పుట్టాలి.

మరి అంత డబ్బు ఆ ఎడారిలో ఏముంది అంటారా, అదే అసలు కథ. అటకామా ఎడారి ప్రపంచంలోనే అతి పొడి ప్రాంతాల్లో ఒకటి, గడ్డిపోచ మొలవదు, అందుకే స్పెయిన్ రాజుల కాలంలో అక్కడ గీత సరిగ్గా ఎక్కడ గీయాలో ఎవరూ పట్టించుకోలేదు, స్వాతంత్ర్యం వచ్చాక కూడా ఆ గీత అలాగే మసకగా ఉండిపోయింది. 1840ల నుంచి గ్వానో, అంటే సముద్రపక్షుల రెట్ట, యూరప్ పొలాలకి ఎరువుగా ఓడల కొద్దీ పోవడం మొదలైంది, ఆ వెనకే నైట్రేట్. ఎడారిలో పైమట్టి తీస్తే కింద కలీచే అనే గట్టి పొర తగులుతుంది, దాన్ని మందుపెట్టి పేల్చి, పెద్ద సుత్తులతో ముక్కలు చేసి, బళ్ళ మీద ఫ్యాక్టరీకి తోలి, పెద్ద తొట్లలో నీళ్ళు పోసి మరిగించి, ఆ నీటిని చల్లారబెడితే అడుగున తెల్లటి ఉప్పులా పేరుకుంటుంది. అది పొలంలో చల్లితే పంట, ఫ్యాక్టరీలో వాడితే పేలుడు మందు, రెండిటికీ యూరప్‌లో గిరాకీ. ఎవరికీ అక్కర్లేని నేల ఒక్కసారిగా బంగారం అయిపోయింది, గీత మాత్రం ఇంకా మసకే. పైగా అక్కడికి పనికి వచ్చినవాళ్ళలో చాలామంది చిలీ వాళ్ళే, అంటోఫగాస్టా జెండా బొలీవియాది, ఊళ్ళో జనం ఎక్కువ చిలీ వాళ్ళు.

చిలీ కూడా సుఖంగా ఏం లేదు, 1878లో బ్యాంకులు నోట్లకి బదులు బంగారం వెండి ఇవ్వలేక చేతులెత్తేస్తే ప్రభుత్వం చట్టం తెచ్చి కాపాడాల్సి వచ్చింది. ఇంకో మాట, ఆ కంపెనీ షేర్లు చిలీ ప్రభుత్వంలో ఉన్న పెద్దమనుషుల దగ్గర కూడా ఉన్నాయి. దేశం పరువు ఎంత, సొంత షేర్ల విలువ ఎంత అని విడదీయడం నావల్ల కాదు, కానీ రెండోది లేదని ఎవరన్నా అంటే నేను ఒప్పుకోను.

చివరికి పన్ను బకాయి కింద కంపెనీ ఆస్తిని వేలం వేస్తామని బొలీవియా 1879 ఫిబ్రవరి 14ని ముహూర్తం పెట్టింది. ఆ రోజు పొద్దున్నే చిలీ నౌకలు రేవులో లంగరేసి సైనికుల్ని దింపేసాయి. వేలం జరగలేదు, ఊరు చిలీ చేతికి పోయింది, మళ్ళీ బొలీవియాకి తిరిగి రాలేదు.

ప్రశ్న: గొడవ బొలీవియాకీ చిలీకీ అయితే పెరూ మధ్యలో ఎందుకు దూరింది?

దూరలేదండి, అప్పటికే సంతకం పెట్టి ఇరుక్కుని ఉంది. 1873లో పెరూ, బొలీవియా రహస్యంగా ఒక ఒప్పందం చేసుకున్నాయి, ఒకరి మీద ఎవరన్నా దాడి చేస్తే ఇంకొకరు సాయం రావాలి అని. పేరుకే రహస్యం, చిలీ పెద్దల చెవిన ఎప్పుడో పడింది. పెరూ తరఫున హోసే ఆంటోనియో దె లవాయే అనే ఆయన రాజీ చెయ్యడానికి చిలీ రాజధాని శాంటియాగో వెళ్ళాడు, అక్కడ ఆయన్ని ఆ ఒప్పందం గురించే నిలదీశారు, మీరు తటస్థంగా ఉంటారా ఉండరా చెప్పండి అన్నారు, ఉంటామని పెరూ చెప్పలేకపోయింది. 1879 ఏప్రిల్ 5న చిలీ ఇద్దరి మీదా యుద్ధం ప్రకటించింది.

పెరూ లోపలి బాధ ఇంకోటి ఉంది. ఏళ్ళ తరబడి గ్వానో డబ్బుని నమ్ముకుని రైల్వేలకని తలకు మించి అప్పు చేసింది, గ్వానో తరిగిపోయింది, 1875లో తన తారాపకా జిల్లా నైట్రేట్ గనుల్ని ప్రభుత్వపరం చేసుకుంది, యజమానులకి డబ్బు ఇవ్వలేక సర్టిఫికెట్లు రాసిచ్చింది, 1876లో విదేశీ అప్పుల కిస్తీలు కట్టలేకపోయింది. ఆ స్థితిలో పక్కనే అంటోఫగాస్టా నుంచి వేరే కంపెనీ తక్కువ పన్నుతో సరుకు పంపుతుంటే పెరూకి కడుపు మండదా? ఆ సర్టిఫికెట్ల సంగతి గుర్తు పెట్టుకోండి, కింద మళ్ళీ వస్తుంది.

నన్ను బాగా కలచివేసేది ఏంటంటే, దీనికి పదమూడేళ్ళ ముందు ఈ మూడు దేశాలూ ఒకే వైపు ఉన్నాయి. 1864లో స్పెయిన్ వచ్చి పెరూకి చెందిన చించా గ్వానో దీవుల్ని పట్టుకుంటే చిలీ పెరూకి తోడు వచ్చింది, బొలీవియా, ఈక్వడార్ కూడా చేరాయి.

ప్రశ్న: ఎడారిలో సైన్యాలు ఎలా బతికాయి? నీళ్ళు ఎక్కడివి? (రిటైరైన ఒక పాఠకుడు)

మంచి ప్రశ్న అడిగారండి, యుద్ధం సగం నీళ్ళ కోసమే జరిగింది. తీరం పొడుగునా ఊళ్ళలో సముద్రపు నీటిని మరిగించి ఆవిరి పట్టి తాగేవాళ్ళు, లోపలికి వెళ్తే బావి ఉన్నచోటే బతుకు. రోడ్లు లేవు, అందుకే సముద్రం ఎవరి చేతిలో ఉంటే వాళ్ళే సైన్యాన్ని, తిండిని, నీళ్ళని మోయగలరు. 1879 నవంబర్ 2న చిలీ సైన్యం పిసాగువా రేవులో దిగి మొదట చేసిన పని రైలు మార్గం వెంట లోపలికి వెళ్ళి దొలోరెస్ దగ్గర బావుల్ని పట్టుకోవడం, వాటిని విడిపించుకోవాలని వచ్చిన పెరూ బొలీవియా సైన్యం ఎండలో నడిచి నడిచి దాహంతో వచ్చి నవంబర్ 19న ఓడిపోయింది. వాళ్ళని కలవాల్సిన దాసా తన సైన్యంతో అరికా నుంచి బయల్దేరి కమరోనెస్ దాకా వచ్చి ఇక ఎడారి దాటలేమని వెనక్కి మళ్ళిపోయాడు, నెలన్నర తిరక్కుండానే సొంత సైన్యమే ఆయన్ని దించేసింది.

ఆడవాళ్ళ గురించి కూడా చెప్పాలి. పెరూ, బొలీవియా సైనికుల వెనక రబోనాలు అని వాళ్ళ భార్యలు, తోడు ఆడవాళ్ళు నడిచేవాళ్ళు, వంట, నీళ్ళు, గాయాలకి కట్లు అన్నీ వాళ్ళే, పిల్లల్ని వీపున కట్టుకుని కూడా ఆ ఇసకలో నడిచారు. చిలీ వైపు ఇలా సైన్యం వెంట నడిచిన ఆడవాళ్ళని కంతినేరాలు అనేవాళ్ళు. జీతం పుస్తకంలో రబోనా పేరు ఉండదు, స్మారక స్తంభాల మీద అంతకన్నా ఉండదు.

ఇంకొకళ్ళు పెరూ తీరంలో చెరకు తోటల్లో బానిసల్లా పనిచేసిన చైనా కూలీలు, ఎనిమిదేళ్ళ కాంట్రాక్టు అని తెచ్చి తప్పించుకోలేని అప్పుల్లో కట్టిపడేసేవాళ్ళు. చిలీ సైన్యం పెరూ రాజధాని లిమా వైపు వస్తుంటే వాళ్ళలో వెయ్యికి పైగా మంది వెళ్ళి చేరిపోయారు. దేశద్రోహం అని పెరూలో చాలాకాలం తిట్టారు. గొలుసు తెంపినవాడి వెనక పోయారు, అందులో ద్రోహం ఏముందో నాకు కనపడదు.

ప్రశ్న: హువాస్కర్ అనే ఓడ గురించి చెప్పండి. శత్రువు భార్యకి ఉత్తరం రాసిన కెప్టెన్ ఆ ఓడ మీదివాడే కదా? (ఒక పాఠకురాలు)

అవునమ్మా, మిగెల్ గ్రావ్. హువాస్కర్ పెరూది, 1865లో ఇంగ్లండ్‌లోని బర్కెన్‌హెడ్‌లో కట్టిన ఇనుప కవచం నౌక, మధ్యలో గుండ్రంగా తిరిగే ఒక బురుజు, దాంట్లో రెండు పెద్ద ఫిరంగులు, ముందు భాగం ఢీకొట్టడానికి వీలుగా ఉంటుంది. 1879 మే 21న ఇకీకే రేవులో దానికి ఎదురుగా నిలిచింది ఎస్మెరాల్డా అనే చిలీ పాత చెక్క నౌక, దాని కెప్టెన్ ఆర్తురో ప్రాత్. గెలిచే లెక్కే లేదు. హువాస్కర్ వచ్చి మొదటిసారి గుద్దగానే ప్రాత్ కత్తి దూసి హువాస్కర్ డెక్ మీదకి దూకాడు, అక్కడే చంపేసారు. మూడోసారి గుద్దితే ఎస్మెరాల్డా మునిగిపోయింది. అప్పుడు గ్రావ్ చేసిన పని చూడండి, పడవలు దింపి నీళ్ళలో తేలుతున్న శత్రు నావికుల్ని పైకి లాగించాడు. ప్రాత్ కత్తినీ ఒంటి మీది వస్తువుల్నీ భద్రం చేయించి, తర్వాత ఆయన భార్య కార్మెలా కర్వహాల్‌కి ఉత్తరం రాసి, మీ భర్త ధైర్యంగా పోయాడని చెప్పి, ఆ వస్తువులు పంపించాడు. ఆమె కూడా కృతజ్ఞతతో జవాబు రాసింది. సముద్రాల మర్యాదస్థుడు అని ఆయనకి పేరు, ఆ పేరు చిలీ వాళ్ళు కూడా ఒప్పుకుంటారు.

అదే రోజు పెరూకి పెద్ద దెబ్బ కూడా తగిలింది, వాళ్ళ ఇంకో కవచ నౌక ఇండిపెండెన్సియా ఒక చిన్న చిలీ నౌకని తరుముతూ వెళ్ళి రాళ్ళకి గుద్దుకుని పోయింది. ఆ తర్వాత హువాస్కర్ ఒక్కటే నాలుగున్నర నెలల పాటు చిలీ నౌకాదళాన్ని ముప్పుతిప్పలు పెట్టింది, జులైలో రీమాక్ అనే రవాణా ఓడని అందులో ఉన్న అశ్వికదళంతో సహా పట్టేసుకుంది, ఆ దెబ్బకి చిలీ నౌకాదళ అధిపతి పదవి వదులుకోవాల్సి వచ్చింది. అక్టోబర్ 8న అంగామోస్ దగ్గర రెండు పెద్ద చిలీ కవచ నౌకల మధ్య ఇరుక్కుంది. గుండు సూటిగా గ్రావ్ నిలబడ్డ చోటే పేలింది, కాలి ముక్క తప్ప ఏమీ దొరకలేదు. ఓడ చిలీకి చిక్కింది. ఇప్పుడు చిలీలో తల్కవానో రేవులో మ్యూజియంగా నీళ్ళ మీదే ఉంది, ఇటు గ్రావ్‌నీ అటు ప్రాత్‌నీ ఇద్దరినీ అక్కడ గౌరవిస్తారు. పెరూకి అక్టోబర్ 8 సెలవు, చిలీకి మే 21 సెలవు.

ప్రశ్న: లిమా నుంచి చిలీ సైనికులు పుస్తకాలు ఎత్తుకుపోయారట, నిజమా?

నిజం. 1881 జనవరిలో సాన్ హువాన్, మిరాఫ్లోరెస్ యుద్ధాల తర్వాత లిమా చిలీ చేతికి వచ్చింది, దాదాపు మూడేళ్ళు అక్కడే ఉన్నారు, నేషనల్ లైబ్రరీ కొల్లబోయింది. యుద్ధం అయ్యాక దాన్ని మళ్ళీ నిలబెట్టే పని రచయిత రికార్దో పాల్మా మీద పడింది, ఆయన ప్రపంచంలో తెలిసిన ప్రతివాళ్ళకీ ఉత్తరాలు రాసి పుస్తకాలు అడుక్కున్నాడు, బిచ్చగాడు లైబ్రేరియన్ అని ఆయనకి పేరు పడిపోయింది. 2007లో చిలీ 3,788 పుస్తకాలు తిరిగి ఇచ్చింది, నూట ఇరవై ఆరేళ్ళకి.

ప్రశ్న: గెలిచిన చిలీ బాగుపడినట్టేనా?

ఖజానా నిండింది, అందులో అనుమానం లేదు. 1883 అక్టోబర్ 20న పెరూతో చేసుకున్న అంకోన్ ఒప్పందంతో తారాపకా శాశ్వతంగా చిలీది అయిపోయింది, బొలీవియా తీరం ఎలాగూ చేతిలోనే ఉంది, అంటే ప్రపంచంలో నైట్రేట్ దాదాపు మొత్తం చిలీ గుప్పిట్లోకి వచ్చింది, ఆ ఎగుమతి పన్నులే దశాబ్దాల పాటు ప్రభుత్వ ఆదాయంలో పెద్ద భాగం. కానీ గనులు ఎవరివి? ఇక్కడే పెరూ రాసిచ్చిన సర్టిఫికెట్లు మళ్ళీ వస్తాయి. యుద్ధంలో వాటి విలువ నేలకి పడిపోయినప్పుడు జాన్ థామస్ నార్త్ అనే ఇంగ్లీషు ఇంజనీరు, చిలీ బ్యాంకు ఇచ్చిన అప్పుతోనే వాటిని చౌకగా కొనేసాడు, తర్వాత సర్టిఫికెట్ ఎవరి దగ్గరుంటే గని వాళ్ళదే అని చిలీ ప్రభుత్వం తేల్చింది. ఆయన్ని నైట్రేట్ రాజు అన్నారు. చిలీ కుర్రాళ్ళు ఎడారిలో చచ్చి గెల్చింది లండన్‌లో షేర్లయిపోయింది. 1891లో అధ్యక్షుడు బల్మసేదాకీ పార్లమెంటుకీ మధ్య చిలీలోనే అంతర్యుద్ధం వచ్చింది, నైట్రేట్ డబ్బు ఎవరు ఎలా ఖర్చుపెట్టాలన్నది అందులో ఒక పెద్ద తగాదా, ఓడిపోయిన బల్మసేదా ఆత్మహత్య చేసుకున్నాడు.

కూలీల గతి చూడండి. జీతం డబ్బుగా కాదు, ఫిచా అనే బిళ్ళలుగా ఇచ్చేవాళ్ళు, అవి కంపెనీ కొట్లోనే చెల్లుతాయి, ధర కంపెనీ చెప్పిందే. 1907 డిసెంబర్‌లో వేలమంది పెళ్ళాం పిల్లలతో ఎడారి నుంచి నడిచి ఇకీకే వచ్చి శాంతా మరియా బడిలో కూర్చున్నారు, వాళ్ళలో చిలీ వాళ్ళతో పాటు పెరూ వాళ్ళు, బొలీవియా వాళ్ళు కూడా ఉన్నారు, ఇరవై ఎనిమిదేళ్ళ కిందట వీళ్ళ నాన్నలే ఒకళ్ళనొకళ్ళు కాల్చుకున్నారు. డిసెంబర్ 21న సైన్యం మెషిన్ గన్లు పెట్టి కాల్చింది. ఎంతమంది పోయారో లెక్క ఈ రోజుకీ తేలలేదు.

తర్వాత జర్మనీలో హాబర్, బాష్ అనే శాస్త్రవేత్తలు గాలిలో నుంచే నత్రజని పట్టి ఎరువు చెయ్యడం కనిపెట్టారు, 1913లో ఫ్యాక్టరీ నడిచింది, 1930 వచ్చేసరికి ఎడారి నైట్రేట్ అడిగే నాథుడు లేడు. హంబర్‌స్టోన్ అనే గని ఊరు ఖాళీగా మిగిలిపోయింది, ఇప్పుడు యునెస్కో వారసత్వ స్థలం. అయితే అదే ఎడారిలో, ఒకప్పటి బొలీవియా నేలలోనే, చుకీకమాతా రాగి గని బయటపడింది, చిలీని ఇవాళ్టికీ పోషిస్తున్నవాటిలో అదీ ఒకటి.

ప్రశ్న: తక్నా, అరికా ఊళ్ళ తగాదా ఏంటి?

అంకోన్ ఒప్పందంలో ఈ రెండూ పదేళ్ళు చిలీ దగ్గర ఉంటాయి, తర్వాత జనం ఓటేసి ఎటు పోవాలో తేల్చుకుంటారు అని రాసారు. ఆ ఓటింగ్ ఎప్పుడూ జరగలేదు. పదేళ్ళు అన్నది నలభై ఏళ్ళు దాటింది. ఆ మధ్యలో 1901 జులై 28న, అది పెరూ స్వాతంత్ర్య దినం, తక్నా జనం పెరూ జెండాని గుడికి ఊరేగింపుగా తీసుకెళ్తామని అడిగితే చిలీ అధికారులు ఒక షరతు మీద ఒప్పుకున్నారు, ఒక్క నినాదం కూడా వినపడకూడదు అని. జనం వీధుల నిండా వచ్చారు, జెండా వెనకాల నడిచారు, ఒక్కళ్ళు నోరు మెదపలేదు, ఏడ్చేవాళ్ళు కూడా చప్పుడు లేకుండా ఏడ్చారు. 1929లో రాజీ కుదిరింది, తక్నా పెరూకి, అరికా చిలీకి, పెరూకి 60 లక్షల డాలర్లు. ఇప్పటికీ ప్రతి ఏడూ, తక్నా తిరిగి పెరూలో కలిసిన రోజైన ఆగస్టు 28న, అక్కడ ఆ జెండా ఊరేగింపు జరుగుతుంది.

ప్రశ్న: సముద్రమే లేని బొలీవియాకి నేవీ ఎందుకండీ? (ఎనిమిదో తరగతి పాప)

తల్లీ, వాళ్ళకి నేవీ ఉంది, టిటికాకా అనే పెద్ద సరస్సులో, నదుల్లో తిరుగుతుంది. ఎందుకంటే సముద్రం మాది కాదు అని వాళ్ళు ఒక్క రోజు కూడా ఒప్పుకోలేదు. 1880 మేలో తక్నా పక్కన జరిగిన యుద్ధంలో ఓడిపోయాక బొలీవియా ఇక పోరాడలేదు, 1884లో యుద్ధ విరమణ, 1904లో ఒప్పందం. ఆ ఒప్పందంలో తీరం చిలీకి ఇచ్చేసింది, బదులుగా చిలీ 3 లక్షల పౌండ్లు ఇచ్చి, అరికా నుంచి బొలీవియాలోని లా పాజ్‌కి రైలు మార్గం వేసి, తన రేవుల్లోంచి బొలీవియా సరుకు స్వేచ్ఛగా పోనిస్తానంది. రైలు 1913లో నడిచింది. కాగితం మీద లెక్క సరిపోయింది, మనసులో సరిపోలేదు.

మార్చి 23న బొలీవియాలో సముద్ర దినం జరుపుతారు. 1879లో ఆ రోజు కలామా ఊరి దగ్గర వంతెన మీద ఎదువార్దో అబరోవా అనే మామూలు పౌరుడు, సైనికుడు కాదు, తుపాకీ పట్టి నిలబడ్డాడు, లొంగిపొమ్మంటే నేను లొంగడమా, మీ నాయనమ్మని లొంగమనండి అని ఒక బూతు కూడా కలిపి అరిచి ప్రాణం విడిచాడని అక్కడ ప్రతి పిల్లకీ తెలుసు. 2003లో సహజవాయువుని చిలీ రేవు మీదుగా అమ్ముతారన్న మాట మీద మొదలైన అల్లర్లలో చాలామంది చచ్చిపోయి, అధ్యక్షుడు దేశం వదిలి పారిపోయాడు. 2013లో బొలీవియా హేగ్ అంతర్జాతీయ కోర్టుకి వెళ్ళింది, సముద్రం దారి గురించి చిలీ మాతో చర్చలకి కూర్చోవాలి అని. 2018 అక్టోబర్ 1న తీర్పు వచ్చింది, 12 మంది జడ్జీలు చిలీకి అలాంటి బాధ్యత లేదన్నారు, ముగ్గురు ఉందన్నారు.

మధ్యలో 1975లో చిలీ ఒక సన్నటి దారి ఇస్తానని ముందుకొచ్చింది కూడా, అరికాకి ఉత్తరంగా, కానీ 1929 ఒప్పందం ప్రకారం అక్కడ నేల ఇంకొకళ్ళకి ఇవ్వాలంటే పెరూ ఒప్పుకోవాలి, పెరూ వేరే ప్రతిపాదన పెట్టింది, మాటలు తెగిపోయాయి. 1978లో బొలీవియా చిలీతో దౌత్య సంబంధాలు తెంచేసుకుంది. కానీ సరుకు ఆగలేదమ్మా, బొలీవియా ఖనిజం ఇప్పటికీ అరికాకి, అంటోఫగాస్టాకే దిగుతుంది, వేలం జరగని ఆ రేవుకే.